తిరుగు గంప

ఏసుదాసు రెండు చేతులా ఊకను పక్కకు తోశాడు. అడుగున ఐసు దిమ్మ కనబడింది. నిన్న లాంచీలోంచి దించినప్పుడు పీట అంత వెడల్పున్న దిమ్మ, రాత్రికి రాత్రే మూలలు అరిగి, నడుము సన్నబడి, వాడేసిన సబ్బుబిళ్ళలా తయారైంది. దాని మీద అతను చెయ్యి వెయ్యలేదు. మోకాళ్ళ మీద వంగి ఎడమ చెంప ఆనించాడు. కళ్ళు మూసుకుని కాసేపు అలాగే ఉండి, "పరవాలేదు, గట్టిగానే ఉంది," అనుకుంటూ లేచాడు.

చేత్తో ఐసును చూసే రోజులు ఎప్పుడో పోయాయి. అతని వేళ్ళ కొసలు తెల్లబడి, ముడతలు పడి, నానబెట్టిన శనగల్లా ఉంటాయి. వాటికి వేడీ తెలియదు, చల్లనా తెలియదు. పొయ్యి మీది గిన్నెను మసిగుడ్డ లేకుండా దించేస్తాడు. ముల్లు గుచ్చుకుంటే నెత్తురు చూసి తెలుసుకుంటాడు. ఒంట్లో ఇంకా తెలివున్నది చెంపకే. అందుకని ఎడమవైపు గడ్డం రోజూ గీసుకుంటాడు. కుడివైపు మాత్రం ప్రార్థనకు వెళ్ళే ఆదివారమే. దిండి రేవులో అతని మొహం చూసి ఏ వారమో చెప్పొచ్చని లాంచీ సరంగు ధర్మరాజు హాస్యమాడుతుంటాడు.

శ్రావణమాసం. వశిష్ఠ గోదావరి ఎర్రనీళ్ళతో గట్లను ఒరుసుకుని పోతోంది. ఆ ఎర్రనీటికి ఎదురీదుతూ సముద్రంలోంచి పులస వస్తుంది. వచ్చిన పులసను వలల్లో పట్టి, రేవులో ఐసు వేసి, గంపల్లో కట్టి నరసాపురం పంపితే, అక్కడినుంచి రైలెక్కి కలకత్తా పోతుంది. ఆ ఐసు వేసి గంప కట్టే పని ఏసుదాసుది.

మొదట అతను ఆ పనికి రాలేదు. యుద్ధం రోజుల్లో నరసాపురం షావుకారు ఈ రేవులో ఐసు పాక వేయించినప్పుడు, రాజోలు బియ్యం మిల్లు నుంచి ఊక బస్తాలు మోయడానికి వచ్చాడు. తాతల నాటి నుంచీ వాళ్ళది పొలం కూలి. ఐసు అనే వస్తువును అంతకుముందు చూడలేదు. చూసినరోజు సాయంత్రం పిడికెడు ముక్క అడిగి తీసుకుని, తలగుడ్డలో కట్టి, కొత్తగా కాపరానికి వచ్చిన సువార్తమ్మకు చూపిద్దామని గబగబా ఇంటికి నడిచాడు. గుమ్మంలో మూట విప్పితే తడి గుడ్డ తప్ప ఏమీ లేదు. దారిలో ఎక్కడ పడిపోయిందోనని మళ్ళీ రేవుదాకా వెతుక్కుంటూ వెళ్ళాడు. ఆ సంగతి చెప్పి సువార్తమ్మ ఇప్పటికీ నవ్వుతుంది. పడిపోలేదు, ఉన్నచోటే మాయమైందని తెలిశాక అతనికి ఆ వస్తువు మీద ఆరాటం పుట్టింది. ఊక మోయడానికి వచ్చినవాడు ఐసు దగ్గరే ఉండిపోయాడు. ఏసుదాసు పేరు కాస్తా రేవులో ఐసుదాసు అయింది.

పాక గోడలు రెండు వరసల మట్టిగోడలు, మధ్య ఊక కూరినవి. లోపల మిట్టమధ్యాహ్నం కూడా సందె చీకటిలా ఉంటుంది. ఏసుదాసు దిమ్మను గోనెపట్టా మీదికి దొర్లించి, కొయ్య కొడతి అందుకుని కొట్టడం మొదలుపెట్టాడు. గట్టిగా కొడితే పిండైపోతుంది, మెల్లగా కొడితే పగలదు. మధ్యరకంగా, చింతపండు తొక్కినట్టు ఒకే ఊపున కొట్టాలి. నాలుగు దెబ్బలయ్యేసరికి ఎడమ భుజం దగ్గర ఏదో లాగింది. ఆ లాగుడు మోచేతి దాకా దిగి ఆగింది. చలవ ఎముకకు పట్టిందనుకుని, చెయ్యి రెండుసార్లు విదిలించి, మళ్ళీ కొడతి ఎత్తాడు.

బయట లాంచీ బూరా మోగింది.

"ఏవండోయ్ ఐసుదాసుగారూ! తిరుగు గంపలొచ్చేయండి. ఇయ్యాలైనా సారె వచ్చిందేమో చూసుకోండి మరి!" ధర్మరాజు లాంచీ మీదినుంచే కేకేశాడు.

"ఆయ్, వస్తున్నానండి."

కలకత్తాలో చేపలు ఖాళీ చేసుకున్న గంపలు రైల్లోనే తిరిగి వస్తాయి. ఒకదాంట్లో ఒకటి దోపి, పొలుసులు ఎండి, నీచుకంపు కొడుతూ వస్తాయి. వాటిని రేవులో ముంచి, తోమి, పాక పక్కన బోర్లించి ఆరబెట్టాలి. ఇంకొకడైతే గంపలన్నిటినీ ఒక్కసారే నీళ్ళలోకి తోసేవాడు. ఏసుదాసు ఒక్కొక్కదాన్నీ విడదీసి, వెలుతురుకు పట్టుకుని, అడుగుదాకా చూసిగాని ముంచడు.

దీనికీ రేవంతా నవ్వుతుంది. అతను మాత్రం దాన్ని నవ్వే విషయం అనుకోడు. వాళ్ళ పేటలో పొరుగింటినుంచి గిన్నెలో కూర వస్తే, ఆ గిన్నెను ఖాళీగా తిప్పి పంపరు. ఏమీ లేని ఇంట్లో కూడా బెల్లం ముక్కో, నాలుగు చింతకాయలో వేసి ఇస్తారు. ఖాళీ గిన్నె పంపితే ఇచ్చిన చేతిని తోసేసినట్టు. మరి ఇన్నేళ్ళుగా ఇక్కడినుంచి గంపల నిండా చేపలు వెళుతుంటే, అవతల ఆ కుట్లు విప్పే మనిషి ఎవరో ఒకరు ఉండే ఉంటారు గదా. ఆ మనిషికి మాత్రం ఏదో ఒకటి వెయ్యాలని ఎప్పుడో ఒకప్పుడు అనిపించదా?

"అది యాపారం తమ్ముడూ. షావుకారు డబ్బు పుచ్చుకుంటాడు, సరి. గంపలో నీకు బెల్లమెవడేస్తాడు?" అని పెద్దింట్లమ్మ ఎన్నోసార్లు చెప్పింది. పడవల్లోంచి దించిన చేపలను కడిగి, వరసల్లో పేర్చి అతనికి అందించే మనిషి ఆమె. మొగుడూ కొడుకులూ వేటకు పోతారు. ఏసుదాసుకన్నా నాలుగేళ్ళు పెద్దది, నోరు ఇంకా పెద్దది.

"యాపారం షావుకారుదండి. గంప కట్టింది నేను గదండీ," అనేవాడు ఏసుదాసు.

ఈ ఏళ్ళన్నిటిలో గంపల్లో ఏమీ రాలేదని కాదు. ఒకసారి వార్తా కాగితం ముక్క వచ్చింది. అందులో అక్షరాలు దండెం మీద ఆరేసిన బట్టల్లా పైగీతను పట్టుకుని వేలాడుతున్నాయి. ఇంకోసారి పగిలిన మట్టి ముంత. మరోసారి ఎవరిదో చొక్కా గుండీ. వాటిని చూసి ముచ్చటపడ్డాడుగాని లెక్కలోకి తీసుకోలేదు. అవి పడినవి. పెట్టినవి కావు. పడినదానికీ పెట్టినదానికీ తేడా మొహం చూస్తే తెలుస్తుందని అతని నమ్మకం.

ఇవాళ రెండో గంపను విడదీసి వెలుతురుకు పట్టగానే అంచు మీద ఎర్రగా కనబడింది. నెత్తురేమో అనుకున్నాడు. నెత్తురైతే ఎండి నల్లబడుతుంది. ఇది పచ్చి ఎరుపు. అడుగున తాటాకు చాప మడతలో ఏదో తళుక్కుమంది. వేళ్ళకు తెలియదు గనక గోటితో పైకి లేవదీశాడు. చిన్న ముక్కుపుడక. ఇత్తడిది. దాని కొక్కెం తాటాకు ఈనెలో దూరి ఉంది.

"అక్కగారూ, ఇలా రండి."

పెద్దింట్లమ్మ చేతిలో చేప చేతిలోనే ఉండగా వచ్చి, చూసి, రెండడుగులు వెనక్కి వేసింది.

"ముట్టుకోకు! అది కుంకం. ఎవరో ఏదో చేసి పంపేరు. గోదాట్లో పారెయ్, గంపతో సహా!"

"మనకి చెయ్యాలనుకున్నోళ్ళు గుమ్మంలో నిమ్మకాయ పడేసి పోతారుగానీ, కలకత్తా నించి రైలు ఛార్జీ పెట్టుకుని చేస్తారాండీ?"

"ఆళ్ళు బెంగాలోళ్ళు. అక్కడ పుట్టిన పిల్లకి కూడా వచ్చంట ఆ విద్య."

"వస్తే వచ్చింది. చెయ్యడానికి మన పేర్లు తెలియాలి గదండీ."

పెద్దింట్లమ్మ ఆలోచనలో పడింది. "అదీ నిజమే," అని ఒక అడుగు ముందుకు వేసింది. "అయినా నా పేరు చెప్పి పిలవకు దాని ముందర."

ధర్మరాజు లాంచీ దిగి వచ్చాడు. నవ్వబోయి, ముక్కుపుడక చూసి నవ్వు ఆపేశాడు. "ఎన్నాళ్ళకెన్నాళ్ళకండీ! వచ్చిందా ఏంటి సారె?"

"పెట్టిందో పడిందో తెలియాలండి," అన్నాడు ఏసుదాసు. పుడకను పాకలో దబ్బనం తగిలించే మేకుకు తగిలించి వచ్చి, మళ్ళీ కొడతి పట్టుకున్నాడు. కానీ ప్రతి రెండు దెబ్బలకూ తల దానంతటదే మేకువైపు తిరుగుతోంది. కొక్కెం ఈనెలో దూరి ఉంది. పెడితే అలా దూరుతుందా? పడినా దూరొచ్చు. గంప కుదుపుల్లో ఎన్ని జరగవు?

పొద్దు నడినెత్తికి వచ్చేవేళకు గుమాస్తా ప్రభాకరరావు గారు సైకిలు దిగారు. షావుకారు తరఫున రేవు వ్యవహారమంతా ఆయనే చూస్తారు. ఇవాళ ఆయన చంకలో ఒక అట్టపెట్టె ఉంది. పాక గుమ్మంలో నిలబడి, దాన్ని పెళ్ళిశుభలేఖ ఇచ్చినట్టు ముందుకు చాచారు.

"ఏసుదాసూ, ఇది చూడు. కొచ్చి నించి తెప్పించేం."

ఏసుదాసు చేతులు తుడుచుకుని అందుకున్నాడు. ఖాళీ పెట్టె. తేలిక. లోపలా బయటా మైనం పూసినట్టు నున్నగా ఉంది. పైన ఇంగ్లీషు అక్షరాలూ, మెలికపడిన రొయ్య బొమ్మా. ముక్కు దగ్గర పెట్టుకుని వాసన చూశాడు. చేపల పెట్టెకు చేపవాసన లేదు. కొవ్వొత్తి వాసన వేసింది.

"ఇందులో రొయ్యలు పోసి మరలో పెడతారు. ఇటికలాగ రాయైపోతాయి. ఆ రాయి ఓడెక్కి అమెరికా వెళ్ళిపోతుంది. నెలల తరబడి ఉన్నా చెక్కుచెదరదు."

"ఐసెయ్యకుండానే అండీ?"

"రొయ్యే ఐసైపోయేక మళ్ళీ ఐసెందుకు?"

ఏసుదాసు ఆ మాటను లోపల తిప్పి తిప్పి చూసుకున్నాడు. రొయ్యే ఐసైపోతుంది. ఇన్నేళ్ళుగా చేప పక్కన ఐసు, ఐసు పక్కన చేప, రెండూ వేరువేరు వస్తువులు అనుకున్నాడు. ఒకటి రెండోదాన్ని కాపాడుతూ తాను పోతుంది. అక్కడ రెండూ ఒకటే అయిపోతాయట. ఎవరూ పోరు. అది చూడాలనిపించింది. ఒక్కసారి ఆ మర దగ్గర నిలబడి, రొయ్య ఏ క్షణాన రాయవుతుందో చూడాలనిపించింది.

"కరిగించేక కళ్ళెలా ఉంటాయండీ?"

"కళ్ళెక్కడివి! తలలు తీసేసి పెడతారు. తలుంటే అమెరికావాళ్ళు తినరు."

"పెట్టె తిరిగొస్తుందాండీ?"

"ఎందుకొస్తుంది? తిని, చింపి పారేస్తారు." ప్రభాకరరావు గారు గొంతు సవరించుకున్నారు. "షావుకారు గారు కొచ్చివాళ్ళతో కలిసేరు. నరసాపురంలో మర పెడతారు. ఈ వరద పోయిందంటే కలకత్తా గంపలు బంద్. పాకలో రొయ్యల తలలు తీసే ఆడవాళ్ళని కూర్చోబెడతాం. నీకేం బెంగ లేదు. కాపలా పని నీకే ఇమ్మన్నారు."

"ఆయ్, చిత్తమండి," అన్నాడు ఏసుదాసు. కాపలా సంగతి అతని చెవికి ఎక్కినట్టు లేదు. పెట్టెను ఇంకా వదల్లేదు. "మరి... ఆ కలకత్తా మీరొకసారి వెళ్ళొచ్చేరు గదండీ. అక్కడ మన గంప ఎవరు విప్పుతారండీ?"

"ఎవరో కూలోడు. వందమంది ఉంటారు. ఎందుకూ?"

ఏసుదాసు మేకువైపు చూపించాడు. ప్రభాకరరావు గారు పుడకను దగ్గరగా చూసి పెద్దగా నవ్వారు.

"ఓస్, ఇదా! బెంగాలోళ్ళ పెళ్ళిళ్ళలో మగపెళ్ళివారు ఆడపెళ్ళివారింటికి పెద్ద చేపని పంపుతారు. ఉత్తినే కాదు. దానికి బొట్టు పెట్టి, ఎర్రగుడ్డ చీరలా చుట్టి, పుడక పెట్టి, అచ్చం పెళ్ళికూతుర్ని చేసి పంపుతారు. బజార్లోనే చేస్తారు ఆ ముస్తాబంతా. అక్కడ చేస్తుంటే జారి నీ గంపలో పడుంటుంది."

"పడిందే అంటారాండీ?"

"పడక? నీకోసమని పెడతాడా కూలోడు?"

ఆయన పెట్టె తీసుకుని సైకిలెక్కారు. ఏసుదాసు గుమ్మంలోనే నిలబడిపోయాడు. చేతిలో చేపతో పెద్దింట్లమ్మ కూడా ఆగిపోయింది.

"విన్నారాండీ? మన పులసని పెళ్ళికూతుర్ని చేస్తారంట."

"విన్నాను. నేను ఇరవయ్యేళ్ళు కడిగేను, ఒక్కదానికీ బొట్టెట్టలేదు." పెద్దింట్లమ్మ చేతిలో చేపను మొదటిసారి చూస్తున్నట్టు చూసింది. "నిజమే, మొహం బాగానే ఉంటుంది దీనికి."

సువార్తమ్మ అన్నం గిన్నె తెచ్చేసరికి అతను గంప అంచు బాగుచేస్తున్నాడు. కుంకుమ అంటిన గంపే అది. అంచు దగ్గర వెదురు విరిగింది. పీచుతాడు చాలక అటూ ఇటూ చూస్తుంటే, ఆమె గిన్నెకు కట్టిన పాత నీలం చీర పీలిక విప్పి ఇచ్చింది. దాంతో అంచు చుట్టి ముడేశాడు. అన్నం తింటూ జరిగిందంతా చెప్పాడు. మజ్జిగ పోస్తూ సువార్తమ్మ అడిగింది.

"అయితే ఇప్పుడేంటంటావు?"

"చలిమిడి చేసి పెట్టవే."

"ఎవరికి?"

"అత్తారింటికి పంపేటప్పుడు చలిమిడి పెట్టకుండా పంపుతారా? ఇన్నాళ్ళూ మనకి తెలీక పంపేం. తెలిసేక కూడా ఉత్తినే పంపితే ఎలాగ? ఇంక ఈ వరద దాకానే గదా. ఒకవేళ పుడక పెట్టిందే అయితే, మనం తిరిగి పెట్టలేదన్న మాట ఎందుకు?"

"పడిందే అయితే?"

"అదే తెలుస్తుంది."

సువార్తమ్మకు నవ్వొచ్చింది. పిల్లలు కలగని ఇల్లు వాళ్ళది. ఇరుగుపొరుగు ఆడపిల్లలను పంపుతుంటే చలిమిడి దంచడానికి రోకలి పట్టుకు వెళ్ళేదే తప్ప, తన ఇంట్లో ఎన్నడూ చెయ్యలేదు. "కడుపున ఆడపిల్ల లేకపోయినా చేతికి చలిమిడి పని తెచ్చేవు. అట్లకి నానబోసిన బియ్యం ఉన్నాయి, ఉండు," అని గిన్నె కడుక్కోకుండానే వెళ్ళిపోయింది.

మధ్యాహ్నం పడవలు వచ్చాయి. పెద్దింట్లమ్మ కొడుకులు చేపలు దించారు. వెండి రేకుల్లా ఉన్న పులసలు, కడుపు దగ్గర గులాబీరంగు తేలి, నోళ్ళు సగం తెరుచుకుని ఉన్నాయి. ఏసుదాసు గంపలో ముందు తాటాకు చాప పరిచి, దాని మీద ఊక, ఊక మీద ఐసు, ఐసు మీద చేపల వరస వేశాడు. తలలు గంప అంచువైపు, తోకలు లోపలికి. ఒక వరస చేప, ఒక వరస ఐసు. చేతులు వాటి పని అవి చేసుకుపోతున్నాయి. ఎడమ చెయ్యి మాత్రం మధ్యమధ్య బరువుగా పడుతోంది. చెమట పట్టింది. ఐసు పక్కన కూర్చుని చెమట పట్టడం ఏమిటని అతనికే వింతగా ఉంది.

"మొహం అలా పాలిపోయిందేంటి?" అంది పెద్దింట్లమ్మ.

"కుడివైపు చూసేరా, ఎడమవైపు చూసేరాండీ?"

"నీ మొహం! రెండేపులా అలాగే ఉంది. కాసేపు కూర్చో."

"ఈ గంప అయిపోయేక."

నీలం పీలిక కట్టిన గంపను ఆఖరుకు ఉంచాడు. సువార్తమ్మ అరిటాకులో చుట్టిన చలిమిడి తెచ్చింది. ఆకు తెరిచి చూపించింది. తెల్లగా, మెత్తగా, పైన కొబ్బరి ముక్కలు నొక్కి, పిడికెడంత ముద్ద. ఆ ముద్ద మీద ఆమె వేళ్ళ గుర్తులు నాలుగు పడి ఉన్నాయి. ఏసుదాసు ఆకు మళ్ళీ మడిచి, అరటినారతో కట్టి, పైవరస చేపల్లో అన్నిటికన్నా పెద్దదాని పక్కన పెట్టాడు. ఐసు తగలకుండా ఆకు కింద ఒక చాపముక్క వేశాడు.

"ఆగు," అంది పెద్దింట్లమ్మ. పొద్దున గంపను గోదాట్లో పారెయ్యమన్న మనిషి, తన నుదుటి బొట్టును వేలితో అద్ది, ఆ చేప తల మీద పెట్టింది. చేప తడికి బొట్టు కాస్త పారింది. "మళ్ళీ ఆళ్ళకి మనం మొరటోళ్ళం అనిపించకూడదు," అని మొహం తిప్పుకుంది.

గోనెపట్టా కప్పి, దబ్బనంతో పురికొస వేసి ఏసుదాసు గంప మూతి కుట్టాడు. కుట్టు కుట్టుకూ మధ్య ఆగి ఊపిరి పీల్చుకున్నాడు. ధర్మరాజు మనుషులు గంపలను లాంచీ ఎక్కించారు. ఆఖరి గంపను రేవు మెట్టు దాకా తనే ఒక అంచు పట్టుకుని వెళ్ళాడు.

"ఏంటండోయ్, ఈ గంపకేదో మర్యాద జరుగుతోంది?" అన్నాడు ధర్మరాజు.

"కాస్త జాగ్రత్తగా దించండి నరసాపురంలో. ఆడపిల్ల ఉంది."

ధర్మరాజుకు అర్థం కాలేదు. అయినా, "ఆయ్, అలాగేనండి," అని గంపను ఎండ తగలని చోట పెట్టించాడు.

లాంచీ మలుపు తిరిగేదాకా ఏసుదాసు రేవులో నిలబడ్డాడు. దాని వెనక నీటిలో రెండు గీతలు విడిపోయి, గట్లను తాకి, చెరిగిపోయాయి. ఇవాళ నరసాపురం. తర్వాత రైలు. ఆ పైన అంతా అతను చూడనిదే. వెళ్ళేకొద్దీ ఐసు కరుగుతుంది. చేప మాత్రం కళ్ళు తెరుచుకునే వెళుతుంది. ఎవరో ఒక మనిషి కత్తితో కుట్లు కోసి, గోనెపట్టా ఎత్తి, ఐసు కోసం చెయ్యి పెడితే, అరిటాకు తగులుతుంది. అప్పుడు ఆ మొహం ఎలా ఉంటుంది? మీసం ఉంటుందా? పక్కవాణ్ణి పిలుస్తాడా, లేక ఎవరూ చూడకుండా ఒక్కడే విప్పుకుంటాడా? అసలు మగమనిషేనా? ఈ ప్రశ్నలు ఒకదాని వెనక ఒకటి వస్తుంటే అతనికి నవ్వొచ్చింది. పాకలోకి వచ్చి, మిగిలిన ఐసు ముక్క మీద ఊక కప్పి, కొడతి గోడకు ఆనించి, బోర్లించిన గంప మీద చేరగిలబడ్డాడు. ఎదురుగా మేకుకు పుడక. గుమ్మంలోంచి పడే పొద్దువాటారు వెలుగులో అది చిన్న నిప్పురవ్వలా ఉంది.

దీపాలు పెట్టేవేళకు సువార్తమ్మ అతన్ని అన్నానికి పిలుద్దామని వచ్చింది. అతను గోడకు తల ఆనించి, మేకువైపు చూస్తూ కూర్చుని ఉన్నాడు.

"ఇంకా అదే చూస్తున్నావా? పద, అన్నం చల్లారిపోద్ది," అంటూ చెయ్యి పట్టుకుంది. చెయ్యి చల్లగా ఉంది. ఆ చేతులు ఎప్పుడూ చల్లగానే ఉండేవి గనక ఆమెకు వెంటనే తెలియలేదు. లేవదీద్దామని లాగింది. లేవలేదు. అప్పుడు వంగి, తన చెంపను అతని ఎడమ చెంపకు ఆనించింది. అలాగే చాలాసేపు ఉండిపోయింది.

మర్నాడు పేట సమాధుల దొడ్లో పాస్టరుగారు ప్రార్థన చేశారు. పెద్దింట్లమ్మ కొడుకులు వేట మానుకుని వచ్చి నిలబడ్డారు. ఊక మీద నడిచినట్టు అందరూ మెత్తగా నడిచారు.

ఐసు కొట్టడానికి ఇంకో మనిషిని పెట్టారు. అతను బాగానే కొడుతున్నాడు. తిరుగు గంపలు వస్తే అన్నిటినీ ఒక్కసారే నీళ్ళలోకి తోయబోయాడు. మొదటిరోజే పెద్దింట్లమ్మ అతన్ని కేకలేసింది. "చూడకుండా ముంచుతావేంటి! ఇలా ఇయ్యి." ఆనాటి నుంచి లాంచీ వచ్చినప్పుడల్లా చేపల పని ఆపి, గంపలను ఒక్కొక్కటే వెలుతురుకు పట్టుకుంటోంది. ధర్మరాజు హాస్యం ఆడటం మానేశాడు. ఆమె చూస్తున్నంతసేపూ తనూ పక్కన నిలబడతాడు. ఏమీ లేకపోతే, "లేదాండీ?" అంటాడు. "లేదు," అంటుంది.

భాద్రపదం వచ్చి, ఎర్రనీరు తేరుకుంటున్న రోజుల్లో ఒక పొద్దున ఆ గంప వచ్చింది. నీలం పీలిక చూసి ధర్మరాజే ముందు గుర్తుపట్టాడు. మిగతా గంపల్లో దోపకుండా, విడిగా వచ్చింది. పొలుసు అంటి లేదు. నీచుకంపు లేదు. ఎవరో దాన్ని కడిగి, ఎండబెట్టి పంపారు. ఇన్నేళ్ళలో ఒక్క గంప కూడా అలా రాలేదు.

అడుగున ఒక చిన్న మూట. ఎర్ర అంచున్న తెల్లగుడ్డ పీలిక. పెద్దింట్లమ్మ చెవి దగ్గర పెట్టుకుని ఊపింది. తేలికగా, గలగలమంది. మరమరాలో, పేలాలో.

"పడిందేమోనండీ?" కొత్త ఐసు మనిషి అన్నాడు. అతను రేవులో ఆ మాట నలుగురి నోటా విని ఉన్నాడు.

"పడినదానికి ముడెవడేసేడ్రా?" అంది పెద్దింట్లమ్మ. అనేసి, కొంగుతో కళ్ళు ఒత్తుకుంటూ, ఆ కొంగుతోనే గంపను దుమ్ము లేకుండా తుడిచింది.

సువార్తమ్మకు కబురు పంపారు. వచ్చి చూసింది. ముడి మీద వేలు పెట్టి ఒకసారి నిమిరింది. రెండు ముడులు, ఒకదాని మీద ఒకటి. కట్టినవాళ్ళు పళ్ళతో బిగించినట్టు గుడ్డ కొసలు నలిగి ఉన్నాయి.

"ఈ గంప మళ్ళీ ఎప్పుడెళ్తుందండీ?" అని ధర్మరాజును అడిగింది.

ధర్మరాజు నీళ్ళవైపు చూశాడు. "ఇంక వెళ్ళదమ్మా. మొన్నటితో సరి. రేపట్నుంచి రొయ్యలేనంట."

సువార్తమ్మ తల ఊపింది. మూటను విప్పలేదు. మేకు మీది పుడక తీసి దాని పక్కన పెట్టి, గంపను పాకలో అతను కూర్చున్న మూలకు జరిపి, ఇంటికి వెళ్ళింది.

ఆ వారంలోనే పాకలోంచి ఊక ఎత్తేశారు. మైనం పూసిన అట్టపెట్టెలు కట్టలు కట్టలుగా వచ్చి గోడవార కప్పుదాకా నిలబడ్డాయి. గంపలన్నీ బయట చూరు కింద బోర్లించి ఉన్నాయి. నీలం పీలిక కట్టినది ఒక్కటే లోపల మూలన, నోరు పైకి తెరుచుకుని, అడుగున ఆ ఎర్రంచు మూటతో, కడిగిన వెదురు వాసన వేస్తూ ఉంది.